ఓడే జట్టును వదలని అభిమాని: డాక్యుమెంటరీలకు అతడే ఎందుకు హీరో?

క్లుప్తంగా: ఫుట్‌బాల్ క్లబ్బుల మీద వస్తున్న డాక్యుమెంటరీల్లో ఆటగాళ్లకన్నా అభిమానులే ఎక్కువగా గుర్తుండిపోతున్నారు. ఇంగ్లండ్‌లోని సండర్‌ల్యాండ్ క్లబ్ మీద నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన సిరీస్ ఇందుకు మంచి ఉదాహరణ. తెర మీద అభిమాని పట్టుదల ప్రేమలా కనిపిస్తుంది. దాని వెనక ఊరి చరిత్ర, ఇంటి వారసత్వం, సీజన్ టికెట్ లెక్క, యజమాని వ్యాపారం ఉన్నాయి. ఆ పట్టుదలకు క్లబ్ నిర్ణయాల్లో ఎంత చోటుందన్నది దేశాన్ని బట్టి మారుతుంది. హైదరాబాద్ ఎఫ్‌సీ ఢిల్లీకి తరలిపోయిన తీరులో ఆ తేడా బాగా కనిపిస్తుంది.

2018 వేసవిలో ఇంగ్లండ్ ఈశాన్య తీరాన ఉన్న సండర్‌ల్యాండ్ ఊళ్లో ఒక విచిత్రమైన పని జరిగింది. అక్కడి ఫుట్‌బాల్ మైదానం పేరు స్టేడియం ఆఫ్ లైట్. అందులోని ఎర్ర కుర్చీలు ఏళ్ల తరబడి ఎండకు వెలిసిపోయి గులాబీ రంగుకు తిరిగాయి. అప్పటికే జట్టు వరసగా రెండు సీజన్లలో రెండు మెట్లు కిందికి జారింది. వెలిసిన కుర్చీలను చూసినప్పుడల్లా ఊరివాళ్లకు పుండు మీద కారం చల్లినట్టు ఉండేది. కొత్త యజమాని వచ్చాక కుర్చీలు మార్చే పని మొదలైంది. ఆ పనికి అభిమానులే ముందుకొచ్చారు. పాతవి విప్పి, కొత్త ఎర్ర కుర్చీలు తెచ్చి బిగించారు. ఒక్క పైసా కూలి లేదు. సీజన్ మొదలయ్యాక అవే కుర్చీల్లో కూర్చోవడానికి వాళ్లే డబ్బు కట్టి టికెట్ కొనుక్కున్నారు.

హీరో కటౌట్‌కు సొంత డబ్బుతో గజమాల వేసే అభిమానులు మనకు కొత్త కాదు. అయితే సినిమా హాల్లో కుర్చీలు పాడైతే రెంచీ పట్టుకుని బయల్దేరే అభిమాని ఎక్కడా కనిపించడు. హాలు మనది అని ఎవరూ అనుకోరు కాబట్టి. ఫుట్‌బాల్‌లో మాత్రం ఏ కాగితం మీదా తన పేరు లేని మనిషి ఆ మైదానం తనదేనని నమ్ముతాడు. డాక్యుమెంటరీలు తీసేవాళ్లను ఆకర్షించింది ఈ నమ్మకమే.

## గెలుపు కోసం వెళ్లిన కెమెరా

సండర్‌ల్యాండ్ క్లబ్ 1879లో పుట్టింది. ఇంగ్లండ్ లీగ్ టైటిల్ ఆరుసార్లు గెలిచింది, ఆఖరుది 1936లో. 1973లో రెండో డివిజన్‌లో ఉండి కూడా, అప్పటి మేటి జట్టు లీడ్స్‌ను, అన్ని డివిజన్ల జట్లూ తలపడే ఎఫ్ఏ కప్ ఫైనల్లో 1-0తో ఓడించింది. ఆ తరవాత ఆ స్థాయి కప్పు మళ్లీ రాలేదు. యాభై ఏళ్లకు పైగా ఊరు ఆ ఒక్క గోల్‌నే నెమరేసుకుంటోంది. సిరీస్ తీసిన నిర్మాణ సంస్థ పేరు ఫుల్‌వెల్ 73. క్లబ్ పాత మైదానంలో అభిమానులు నిలబడే ఒక పక్క పేరు ఫుల్‌వెల్. 73 అంటే ఆ కప్పు గెలిచిన ఏడాది. సంస్థలో ఉన్నవాళ్లలోనే సండర్‌ల్యాండ్ అభిమానులున్నారు.

ఇంగ్లండ్‌లో సీజన్ చివర అట్టడుగు జట్లు కింది డివిజన్‌కు పడతాయి, పైవరసలో నిలిచినవి పై డివిజన్‌కు ఎక్కుతాయి. మొదటి డివిజన్ పేరు ప్రీమియర్ లీగ్. పదేళ్లు అందులో ఉన్న జట్టు 2017లో కిందికి పడింది. ఏడాది తిరిగేసరికి మళ్లీ పైకొస్తుందని, ఆ తిరిగిరావడాన్ని చిత్రీకరించవచ్చని సిరీస్ తీసేవాళ్ల అంచనా. జరిగింది పూర్తిగా వేరు. సొంత మైదానంలో ఒక లీగ్ మ్యాచ్ గెలవడానికి 364 రోజులు పట్టింది. 2016 డిసెంబర్‌లో వాట్‌ఫర్డ్ మీద గెలిచాక, మళ్లీ 2017 డిసెంబర్‌లో ఫుల్‌హామ్ మీద 1-0తో గెలిచింది. ఆ ఒక్క సీజన్లోనే ఇద్దరు మేనేజర్లు పోయారు. అమెరికన్ యజమాని క్లబ్బును అమ్ముకుని బయటపడ్డాడు. జట్టు రెండో డివిజన్‌లో అట్టడుగున నిలిచి, ముప్ఫై ఏళ్ల తరవాత మొదటిసారి మూడో డివిజన్‌కు చేరింది.

2018 డిసెంబర్‌లో ఎనిమిది భాగాలుగా విడుదలైన ఆ సిరీస్ పేరు ‘సండర్‌ల్యాండ్ టిల్ ఐ డై’, అంటే చచ్చేదాకా సండర్‌ల్యాండే అని. స్టాండ్స్‌లో పాడుకునే నినాదం నుంచి వచ్చిన పేరు అది. మొదటి భాగం మైదానంలో మొదలవదు, చర్చిలో మొదలవుతుంది. సీజన్ ఆరంభంలో పాదిరి ఊరి జట్టు కోసం ప్రార్థన చేయిస్తాడు. జట్టు బాగుంటే ఊరు బాగుంటుందని అక్కడ కూర్చున్నవాళ్లకు ఎవరూ విడమరచి చెప్పక్కర్లేదు.

గెలుపు కథ చేజారినా సిరీస్ పోలేదు. పైగా దాన్ని నిలబెట్టింది ఆ ఓటమే. అదెలా జరిగిందో చూస్తే ఈ తరహా డాక్యుమెంటరీల లోపలి లెక్క అర్థమవుతుంది.

## మారని పాత్ర ఒక్కటే

కథకు మొదటి నుంచి చివరిదాకా ఉండే పాత్ర ఒకటి కావాలి. క్లబ్బులో అలాంటివాళ్లు దొరకరు. ఫుల్‌హామ్ మీద గోల్ కొట్టి ఆ కరువు తీర్చిన జోష్ మాజాకు అప్పుడు 18 ఏళ్లు. ఊరంతా అతడి పేరు జపించింది. పదమూడు నెలలు గడిచేసరికి ఫ్రాన్స్‌లోని బోర్డో క్లబ్‌కు వెళ్లిపోయాడు. అందులో అతడి తప్పు వెతకనక్కర్లేదు. ఆటగాడి కెరీర్ మామూలుగా పదిహేనేళ్లకు మించదు, ఎక్కడ మంచి కాంట్రాక్టు దొరికితే అక్కడికి వెళతాడు. మేనేజర్ ఉద్యోగం వరస ఓటముల దాకానే. యజమానిది పెట్టుబడి. పెట్టినవాడు తీసుకుంటాడు కూడా.

వెళ్లిపోయే వీలు ఉండి కూడా వెళ్లని మనిషి అభిమాని ఒక్కడే. అందుకే సిరీస్‌లో పదేపదే కనిపించేది ఒక టాక్సీ డ్రైవర్, క్లబ్ వంటగదిలో ఏళ్లుగా పనిచేస్తున్న వంటావిడ, సీజన్ టికెట్ ఉన్న కుటుంబాలు. జట్టు కిందికి పడితే వంటావిడ ఉద్యోగానికే ఎసరు వస్తుంది. అదే సమయంలో, మైదానంలోకి దాదాపు దిగకుండానే వారానికి 70 వేల పౌండ్ల దాకా అందుకుంటున్నాడని పత్రికలు రాసిన ఆటగాడు అదే క్లబ్బులో ఉన్నాడు. ఈ రెండింటినీ పక్కపక్కన చూపిస్తే చాలు, వ్యాఖ్యానం అవసరం లేదు.

టాక్సీ డ్రైవర్‌ను ఎంచుకోవడంలోనూ పనితనం ఉంది. రోజంతా ఊరు తిరిగేవాడు, ఎక్కినవాళ్లతో మాట్లాడేవాడు, మనసులో మాట దాచుకోనివాడు. అతడి కారు అద్దంలోంచి ఊరు కూడా కనిపిస్తుంది. మన పాత సినిమాల్లో ఊరి సంగతులన్నీ టీకొట్టు దగ్గర తెలిసినట్టు, ఇక్కడ ఆ పని టాక్సీ చేసింది.

రెండో సీజన్‌కు ఈ లెక్క ఇంకా బాగా కుదిరింది. 2019 మార్చిలో లండన్‌లోని వెంబ్లీ మైదానంలో జరిగిన ఈఎఫ్ఎల్ ట్రోఫీ ఫైనల్లో సండర్‌ల్యాండ్ పెనాల్టీలలో పోర్ట్స్‌మత్ చేతిలో ఓడింది. మూడో, నాలుగో డివిజన్ జట్లు ఆడే చిన్న కప్పు అది. దానికి వచ్చిన జనం 85,021 మంది. రెండు నెలలకు అదే వెంబ్లీలో, పై డివిజన్‌కు ఎక్కే ఆఖరి జట్టును తేల్చే ప్రమోషన్ ప్లేఆఫ్ ఫైనల్. ప్రత్యర్థి చార్ల్టన్ తన గోల్‌లోనే బంతి వేసుకుని ఆధిక్యం ఇచ్చినా, సండర్‌ల్యాండ్ ఇంజురీ టైమ్‌లో, 94వ నిమిషంలో గోల్ సమర్పించుకుని 2-1తో ఓడిపోయింది. రచయిత ఎవరైనా ఇలా రాసుకొస్తే, మరీ అతి అని కొట్టేసేవారు.

## కుర్చీ వారసత్వం

ఇంత ఓడినా వదలకపోవడం ఎందుకు? పిచ్చి అని తేల్చేస్తే ప్రశ్న అక్కడే ఆగిపోతుంది. జవాబు ఊరి నేలలోనే ఉంది.

వేర్ నది ఒడ్డున ఉన్న సండర్‌ల్యాండ్ ఒకప్పుడు ఓడల తయారీకి పెట్టింది పేరు. అక్కడి చివరి షిప్‌యార్డు 1988లో మూతపడింది. మంక్‌వేర్‌మత్ బొగ్గు గని 1993లో ఆగిపోయింది. ఆ గని ఉన్న చోటే స్టేడియం ఆఫ్ లైట్ కట్టి 1997లో తెరిచారు. మైదానం బయట గని కార్మికులు వాడే దీపం రూపంలో ఒక స్మారకం నిలబెట్టారు. తాత బొగ్గు తవ్విన నేల మీద మనవడు మ్యాచ్ చూస్తున్నాడు. ఇది అలంకారం కోసం చెబుతున్న మాట కాదు, చాలా ఇళ్లలో ఉన్నమాట. యార్డు పోయింది, గని పోయింది. వారం వారం వేల మందిని ఒక్కచోట చేర్చే పాత వ్యవస్థల్లో మిగిలింది జట్టు. జట్టును వదిలేయడమంటే ఊరి నుంచి తనను తాను తీసేసుకోవడంలా ఉంటుంది.

దీనికి సీజన్ టికెట్ తోడైంది. ఆట మొదలవకముందే ఏడాది మొత్తానికి డబ్బు కట్టాలి. జట్టులో ఎవరుంటారో తెలియదు, ఎన్ని గెలుస్తుందో తెలియదు. కుర్చీ నంబర్ మాత్రం ఏళ్ల తరబడి అదే. పక్క కుర్చీలో తండ్రి, వెనక వరసలో తండ్రి స్నేహితుడు, ముందు వరసలో పేరు తెలియకపోయినా ఇరవై ఏళ్లుగా ముఖం తెలిసిన మనిషి. టికెట్ వదిలేస్తే పోయేది మ్యాచ్ ఒక్కటే కాదు, ఈ పరిచయాల వరస కూడా. తండ్రి పోయాక కూడా కొడుకు ఆ పక్క కుర్చీకి డబ్బు కట్టే ఇళ్లుంటాయంటే ఆశ్చర్యపోనక్కర్లేదు.

సినిమా అభిమానంతో పోల్చి చూస్తే తేడా తేటగా కనిపిస్తుంది. హీరో అభిమానికి శుక్రవారం ఉదయం ఆటకే సంగతి తేలిపోతుంది. ఫ్లాపైతే రెండు వారాలు బాధపడి, తరవాతి సినిమా టీజర్ కోసం ఎదురుచూస్తాడు. ఇంగ్లండ్ కింది డివిజన్లలో ఒక సీజన్‌కు 46 లీగ్ మ్యాచ్‌లు. ఆగస్టు నుంచి మే దాకా వారానికో పరీక్ష. ఇంకో తేడా, హీరో ఒక మనిషి. అతడి వయసు, అతడి మార్కెట్ అయిపోతే అభిమానానికీ ఒక ముగింపు ఉంటుంది, లేదా కొడుకు మీదికి మళ్లుతుంది. క్లబ్బుకు వయసు లేదు కాబట్టి రిటైర్మెంటూ లేదు.

మూడో డివిజన్‌లో ఆడిన మొదటి సీజన్లో కూడా సండర్‌ల్యాండ్ మైదానానికి మ్యాచ్‌కు సగటున 32 వేల మంది వచ్చారు. 2018 డిసెంబర్ 26న బ్రాడ్‌ఫర్డ్‌తో మ్యాచ్‌కు 46,039 మంది వచ్చి ఆ డివిజన్‌లో రికార్డు పెట్టారు. ఆ జనం చూడ్డానికి వచ్చింది ఆట నాణ్యతను అయ్యుండదు.

## ఆ పట్టుదలకు ధర ఎంత?

యజమాని వైపు నుంచి చూస్తే కథ మారుతుంది. ప్రీమియర్ లీగ్‌లో టీవీ హక్కుల డబ్బు ముందు టికెట్ల ఆదాయం చిన్నది. 2016-17లో అట్టడుగున నిలిచి కూడా సండర్‌ల్యాండ్‌కు లీగ్ నుంచి 9 కోట్ల పౌండ్లకు పైగా వచ్చింది. కిందికి పడగానే ఆ కుళాయి కట్టేస్తారు. కొన్నాళ్లపాటు ‘పారాచూట్’ సొమ్ము అని కొంత ఇస్తారు, అది ఏడాదికేడాది తగ్గిపోతుంది. మూడో డివిజన్‌లో టీవీ నుంచి వచ్చేది నామమాత్రం. అప్పుడు క్లబ్బును నిలబెట్టేది టికెట్లు, జెర్సీలు, మ్యాచ్ రోజు అమ్మే బీరు, పైలు. అంటే జట్టు ఎంత కిందికి పోతే అభిమాని జేబు అంత ముఖ్యమవుతుంది.

మామూలు వ్యాపారంలో సరుకు పాడైతే కొనేవాడు కొట్టు మారుస్తాడు. ఆ భయమే అమ్మేవాణ్ని దారిలో పెడుతుంది. ఫుట్‌బాల్ యజమానికి ఆ భయం తక్కువ. సండర్‌ల్యాండ్ అభిమాని విసుగొచ్చి పక్క ఊరి న్యూకాజిల్‌కు మారడు. ఆ ఊహే అతడికి తిట్టులా వినిపిస్తుంది. ఏ ఖాతా పుస్తకంలోనూ రాయని ఈ కట్టుబాటును క్లబ్ కొనేవాడు ధరలో లెక్కేసుకునే కొంటాడు.

రెండో సీజన్‌లో కొత్త యాజమాన్యం జట్టు మైదానంలోకి వచ్చేటప్పుడు వేసే సంగీతం మార్చి, స్టేడియం వాతావరణాన్ని కొత్తగా తయారుచేయాలని చర్చించే దృశ్యం ఒకటుంది. వాళ్ల ఉద్దేశం చెడ్డదేం కాదు. అయినా చూసేవాళ్లకు నవ్వు, ఇబ్బంది రెండూ కలుగుతాయి. తరాలుగా పేరుకున్న సందడిని మీటింగ్ గదిలో స్పీకర్ మార్చినట్టు మార్చవచ్చనుకోవడమే అక్కడి తమాషా.

దూరపు అభిమాని ఇక్కడే రంగంలోకి వస్తాడు. హైదరాబాద్‌లోనో విశాఖలోనో హాస్టల్ గదిలో అర్ధరాత్రి దాటాక ఛాంపియన్స్ లీగ్ చూసే కుర్రాడు మాంచెస్టర్ యునైటెడ్‌నో, లివర్‌పూల్‌నో, ఆర్సెనల్‌నో ఎంచుకుంటాడు. అతడికి ఊరి బంధం లేదు, చాలాసార్లు గెలుపే బంధం. కేరళలో 2022 ప్రపంచకప్ సమయంలో కోళికోడ్ దగ్గర పుల్లావూర్ ఏట్లో మెస్సీ, నెయ్‌మార్, రొనాల్డోల భారీ కటౌట్లు నిలబెట్టారు. అవి మన థియేటర్ కటౌట్లకు సొంత అన్నదమ్ముల్లా ఉంటాయి. ఆ అభిమానమూ తక్కువది కాదు, కాకపోతే దాని పనితీరు వేరు. మనిషి చుట్టూ అల్లుకున్నది అది, చోటు చుట్టూ కాదు.

సండర్‌ల్యాండ్ సిరీస్ చూసి కంటతడి పెట్టినవాళ్లలో చాలామంది ఆ ఊరు ఎప్పుడూ చూడనివాళ్లే. డాక్యుమెంటరీ చేసే పని ఇదే. స్థానిక అభిమాని దుఃఖాన్ని దూరపు ప్రేక్షకుడికి చేరవేస్తుంది. చేరవేతలో స్ట్రీమింగ్ సంస్థకు చందాదారులు, క్లబ్బుకు ప్రపంచవ్యాప్త పేరు, యజమానికి పెరిగిన విలువ వస్తాయి. టాక్సీ డ్రైవర్‌కు ఊళ్లో నలుగురూ గుర్తుపట్టి పలకరించే గౌరవం వస్తుంది. దాన్ని తీసిపారేయలేం గానీ, లెక్క మాత్రం సమానం కాదు.

## తెర మీదికి రానివాళ్లు

ఇదే అభిమానిని నలభై ఏళ్ల కిందట ఎలా చూపించారో గుర్తుచేసుకుంటే మార్పు ఎంత పెద్దదో తెలుస్తుంది. 1985లో బ్రస్సెల్స్‌లోని హేసెల్ స్టేడియంలో లివర్‌పూల్, యువెంటస్ మధ్య యూరోపియన్ కప్ ఫైనల్‌కు ముందు జరిగిన తొక్కిడిలో 39 మంది చనిపోయారు. ఆ తరవాత ఇంగ్లిష్ క్లబ్బులను ఏళ్లపాటు యూరప్ పోటీల నుంచి వెలివేశారు. అప్పట్లో ఇంగ్లిష్ ఫుట్‌బాల్ అభిమాని అంటే పోలీసు సమస్య. స్టాండ్స్ చుట్టూ ఇనుప కంచెలు వేశారు. 1989లో షెఫీల్డ్‌లోని హిల్స్‌బరో మైదానంలో జరిగిన తొక్కిసలాటకు 97 మంది బలయ్యారు. తప్పు తాగి వచ్చిన అభిమానులదేనని మొదట ప్రచారం జరిగింది. పోలీసుల వైఫల్యమే కారణమని, అభిమానుల ప్రవర్తన కారణం కాదని 2016లో విచారణ జ్యూరీ తేల్చేదాకా కుటుంబాలు పోరాడుతూనే ఉన్నాయి.

హిల్స్‌బరో తరవాత పై డివిజన్ల మైదానాల్లో నిలబడి చూసే స్టాండ్స్ పోయి కుర్చీలు వచ్చాయి. 1992లో ప్రీమియర్ లీగ్ మొదలైంది, టికెట్ ధరలు పెరిగాయి, ప్రేక్షకుల వరసలు మారాయి. ఒకప్పుడు కంచె వెనక నిలబెట్టిన మనిషినే ఇప్పుడు కెమెరా ముందు కూర్చోబెట్టి కన్నీళ్లు చూపిస్తున్నారు. రెండు బొమ్మలూ అసంపూర్ణమే. ప్రత్యర్థి ఆటగాడి రంగును ఎత్తి దూషించేవాడు, పక్క ఊరి జట్టుతో మ్యాచ్ జరిగే డెర్బీ రోజున రాళ్లు విసిరేవాడు, ఆన్‌లైన్‌లో సొంత ఆటగాడి కుటుంబాన్ని తిట్టేవాడు కూడా అదే స్టాండ్‌లో కూర్చుంటారు. క్లబ్ సహకారంతో తీసే డాక్యుమెంటరీలో వాళ్లకు చోటు దొరకడం కష్టం. లోపలికి కెమెరాను రానిచ్చే తాళంచెవి క్లబ్ దగ్గరే ఉంటుంది కదా.

## ఓటు ఎవరికుంది?

అభిమాని ప్రేమ అన్ని దేశాల్లో ఒకటే కావచ్చు, అధికారం మాత్రం ఒకటి కాదు. జర్మనీలో 1998 నుంచి ‘50+1’ అనే నియమం ఉంది. క్లబ్బులో పెట్టుబడిదారు ఎంత డబ్బు పెట్టినా, సగానికి పైగా ఓట్లు సభ్యుల చేతిలోనే ఉండాలి. లెవర్‌కూజెన్, వోల్ఫ్స్‌బర్గ్ లాంటి ఒకటి రెండు మినహాయింపులున్నా సూత్రం నిలిచింది. 2023 చివర్లో జర్మన్ లీగ్ తన మీడియా హక్కుల ఆదాయంలో వాటాను బయటి పెట్టుబడిదారుకు అమ్మాలనుకుంది. అభిమానులు మ్యాచ్ మధ్యలో మైదానంలోకి టెన్నిస్ బంతులు విసిరారు. ఆట ఆగిపోయేది, సిబ్బంది బంతులు ఏరేవాళ్లు, మళ్లీ పడేవి. వారాల తరబడి ఇదే వరస. 2024 ఫిబ్రవరిలో లీగ్ ఆ ప్రతిపాదనను విరమించుకుంది.

వేల్స్‌లోని రెక్సమ్ కథ ఇంకోలా నడిచింది. 2011 నుంచి ఆ క్లబ్ అభిమానుల ట్రస్టు చేతిలో ఉండేది. హాలీవుడ్ నటులు రయన్ రేనాల్డ్స్, రాబ్ మెకెల్హెనీ కొంటామని వస్తే 2020లో ట్రస్టు సభ్యులు ఓటేశారు, 98 శాతానికి పైగా సరే అన్నారు. తరవాత డాక్యుమెంటరీ సిరీస్ వచ్చింది, స్పాన్సర్లు వచ్చారు, 2023 నుంచి 2025 దాకా వరసగా మూడు ప్రమోషన్లతో జట్టు ఐదో డివిజన్ నుంచి రెండో డివిజన్‌కు ఎక్కింది. సండర్‌ల్యాండ్‌లో కెమెరా పతనాన్ని పట్టుకుంటే, రెక్సమ్‌లో ఎదుగుదలకు కెమెరాయే ఒక ఇంధనమైంది. క్లబ్ ఎవరికి ఇవ్వాలన్న నిర్ణయం అభిమానులే తీసుకోవడం అన్నిచోట్లా దొరికే అవకాశం కాదు.

ఇంగ్లండ్‌లో చాలాకాలం అభిమానికి అరవడం తప్ప ఏ హక్కూ లేదు. 2002లో వింబుల్డన్ క్లబ్ లండన్ నుంచి మిల్టన్ కీన్స్‌కు తరలడానికి అనుమతి వచ్చినప్పుడు, అభిమానులు ఏఎఫ్‌సీ వింబుల్డన్ అని కొత్త క్లబ్ పెట్టుకుని తొమ్మిదో డివిజన్ నుంచి ఆట మొదలుపెట్టారు. తొమ్మిదేళ్లలో ప్రొఫెషనల్ లీగ్‌కు చేరారు. 2021 ఏప్రిల్‌లో ఆరు ఇంగ్లిష్ క్లబ్బులు సహా 12 పెద్ద క్లబ్బులు ‘సూపర్ లీగ్’ ప్రకటిస్తే, వీధుల్లోకి వచ్చిన అభిమానుల దెబ్బకు రెండు రోజుల్లోనే ఇంగ్లిష్ క్లబ్బులన్నీ వెనక్కి తగ్గాయి. ఆ కలకలం తరవాత జరిగిన సమీక్ష నుంచే 2025 జులైలో ఫుట్‌బాల్ పాలన చట్టం వచ్చింది. స్వతంత్ర రెగ్యులేటర్ ఏర్పడింది. క్లబ్ చిహ్నం, సొంత జెర్సీ రంగులు మార్చాలంటే అభిమానుల మద్దతు చూపాలి. మైదానం అమ్మాలన్నా, వేరే చోటికి తరలాలన్నా రెగ్యులేటర్ అనుమతి కావాలి. క్లబ్ ఎవరు కొనాలన్న విషయంలో మాత్రం అభిమానికి ఇప్పటికీ ఓటు లేదు.

## గచ్చిబౌలి నుంచి ఢిల్లీకి

భారత్‌లో ఇలాంటి రక్షణ ఏదీ లేదు. హైదరాబాద్ ఎఫ్‌సీ ఉదాహరణ దగ్గరిది. 2019లో పుణె సిటీ క్లబ్ మూతపడితే, ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్ఎల్)లో ఆ ఖాళీలోకి హైదరాబాద్ క్లబ్ వచ్చింది. అదే ఏడాది ఢిల్లీ డైనమోస్ ఒడిశాకు వెళ్లి ఒడిశా ఎఫ్‌సీ అయింది. మొదటి సీజన్లో హైదరాబాద్ అట్టడుగున నిలిచింది. డెక్కన్ లీజియన్ పేరుతో అభిమానుల బృందం ఏర్పడి, గచ్చిబౌలి బాలయోగి స్టేడియంలో పాటలు మొదలయ్యాయో లేదో, కోవిడ్ వచ్చింది. తరవాతి రెండు సీజన్లు మొత్తం గోవాలోనే జరిగాయి. 2022 మార్చి 20న గోవాలోని ఫాతోర్డాలో కేరళ బ్లాస్టర్స్‌తో ఫైనల్. 88వ నిమిషంలో సాహిల్ తవోరా గోల్‌తో స్కోరు 1-1 అయింది. షూటౌట్‌లో గోల్‌కీపర్ కట్టిమణి మూడు పెనాల్టీలు ఆపాడు, హైదరాబాద్ 3-1తో గెలిచింది. మైదానంలో ఎక్కువగా కనిపించింది మాత్రం కేరళ పసుపు రంగే. ఛాంపియన్ అయిన ఆ సీజన్లో జట్టు సొంత ఊళ్లో ఒక్క లీగ్ మ్యాచ్ కూడా ఆడలేదు.

ఆర్థిక ఇబ్బందులు ముదిరి 2023-24లో జట్టు ఒకే ఒక్క విజయంతో మళ్లీ అట్టడుగుకు చేరింది. యాజమాన్యం మారింది. 2025లో క్లబ్ ఢిల్లీకి తరలి స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీగా పేరు మార్చుకుంది. పుణె ఖాళీతో వచ్చింది, ఢిల్లీ ఖాళీలోకి పోయింది. ఆరేళ్ల ముచ్చట. అభిమానుల అనుమతి అవసరం లేకపోయింది, ఎందుకంటే ఇక్కడ క్లబ్ అంటే ఫ్రాంచైజీ. కాగితం ఎవరి చేతిలో ఉంటే ఊరు వాళ్లు ఎంచుకున్నదే.

హైదరాబాద్‌కు ఫుట్‌బాల్ కొత్తా అంటే అదీ కాదు. సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆయన కోచ్‌గా ఉన్న భారత జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది, 1962 ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచింది. ఇంత చరిత్ర ఉన్న ఊళ్లో సండర్‌ల్యాండ్ లాంటి అభిమాన పరంపర ఎందుకు నిలవలేదన్నది ఆలోచించాల్సిన ప్రశ్న. ఒక కారణం నిర్మాణంలోనే కనిపిస్తుంది. ఆ జట్టు పోలీసు శాఖది, ఊరిది కాదు. ఉద్యోగ నియామకాలతో కట్టిన జట్టుకు సభ్యత్వం ఉండదు, సీజన్ టికెట్ ఉండదు, తండ్రి నుంచి కొడుక్కి అందే కుర్చీ ఉండదు. తాతయ్యలు చెప్పే కబుర్లు మిగిలాయి గానీ, వాటిని పట్టుకుని మనవడు వెళ్లి కూర్చోవడానికి చోటు లేకపోయింది. అలాంటి చోటు 2019లో మొదటిసారి దొరికిందనుకునేలోపే పోయింది.

## కెమెరా వెళ్లిపోయాక

సండర్‌ల్యాండ్ సిరీస్ మూడో సీజన్ మూడు భాగాలతో 2024 ఫిబ్రవరిలో వచ్చి ముగిసింది. 2022 మేలో వెంబ్లీలో వికమ్‌ను 2-0తో ఓడించి జట్టు రెండో డివిజన్‌కు ఎక్కడంతో ఆ కథ ఆగింది. అప్పటికి క్లబ్ మళ్లీ చేతులు మారింది. 2021లో పగ్గాలు చేపట్టిన కిరిల్ లూయీ డ్రేఫస్ వయసు అప్పుడు ముప్ఫై లోపే.

అసలు క్లైమాక్స్ కెమెరాలు సర్దుకున్నాక వచ్చింది. 2025 మే 24, మళ్లీ వెంబ్లీ, ప్రీమియర్ లీగ్‌కు చేర్చే ప్లేఆఫ్ ఫైనల్. ప్రత్యర్థి షెఫీల్డ్ యునైటెడ్. మొదట గోల్ ఇచ్చుకున్న సండర్‌ల్యాండ్ ఎలియెజర్ మయెండా గోల్‌తో సమం చేసింది. ఇంజురీ టైమ్‌లో టామ్ వాట్సన్ అనే 19 ఏళ్ల కుర్రాడు పెనాల్టీ బాక్స్ బయటి నుంచి కొట్టిన బంతి వలలో పడింది. 2-1. ఎనిమిదేళ్ల తరవాత జట్టు ప్రీమియర్ లీగ్‌కు చేరింది. ఆ కుర్రాడు అప్పటికే బ్రైటన్ క్లబ్‌కు అమ్ముడైపోయి ఉన్నాడు. సండర్‌ల్యాండ్ తరఫున అతడి ఆఖరి మ్యాచ్ అదే. ఆగస్టులో స్టేడియం ఆఫ్ లైట్‌లో వెస్ట్‌హామ్‌తో తొలి మ్యాచ్ జరిగినప్పుడు అతడు లేడు. జట్టు 3-0తో గెలిచింది, ఏడేళ్ల కిందట ఊరివాళ్లు బిగించిన ఎర్ర కుర్చీలు నిండిపోయాయి.